చదువుకే పట్టం కట్టిన ఫజీలత్ జంగ్
జామియా నిజామియా స్థాపకుడు మౌలానా అన్వారుల్లా ఫారూఖీ జీవిత విశేషాలు

హైదరాబాద్: చార్మినార్‌కు సమీపంలోని షిబ్లీగంజ్ ప్రాంతంలో జామియా నిజామియా ఆవరణ తెల్లవారకముందే ఖురాన్ పఠనంతో మేల్కొంటుంది. నూటయాభై ఏళ్లుగా ఈ క్రమం కొనసాగుతున్నది. తెలుగు నేలపై ఎన్నో గ్రామాల మసీదుల్లో నమాజు చేయించిన ఇమాములు, పెళ్లిళ్లు నమోదు చేసిన ఖాజీలు, వారసత్వ వివాదాల్లో ధర్మసూక్ష్మం చెప్పిన ముఫ్తీలు ఈ ఆవరణలోనే అక్షరం దిద్దుకున్నారు. ఈ విద్యాలయానికి ప్రాణం పోసిన మహనీయుడు మౌలానా ముహమ్మద్ అన్వారుల్లా ఫారూఖీ. ఇద్దరు నిజాం ప్రభువులకు గురువుగా, సంస్థాన ధార్మిక వ్యవహారాల మంత్రిగా ఉన్నత పదవులు అలంకరించినా, ఆయన పేరు నేటికీ నిలిచి ఉన్నది మాత్రం ఒక పాఠశాల కారణంగానే.

గోదావరి తీరాన జననం

గోదావరి నది కందకుర్తి వద్ద నిజామాబాద్ జిల్లాలోకి అడుగుపెట్టకముందు నాందేడ్ మీదుగా ప్రవహిస్తుంది. నేడు మహారాష్ట్రలో ఉన్న నాందేడ్ ఆనాడు నిజాం సంస్థానంలో అంతర్భాగం. ఆ ప్రాంతంలోనే హిజ్రీ 1264లో, అనగా క్రీ.శ. 1848లో అన్వారుల్లా జన్మించారు. తండ్రి అబూ ముహమ్మద్ షుజావుద్దీన్ ఖాజీగా వ్యవహరించేవారు. ఇస్లాం రెండవ ఖలీఫా హజ్రత్ ఉమర్ ఫారూఖ్ వంశీకులమన్న విశ్వాసంతో ఆ కుటుంబం పేరు చివర ఫారూఖీ అని చేర్చుకున్నది.

ఖాజీ ఇంట చదువుకు కొదవ లేదు. చిన్ననాటనే ఖురాన్ గ్రంథాన్ని ఆసాంతం కంఠస్థం చేసి అన్వారుల్లా హాఫిజ్ అనిపించుకున్నారు. ఆరువేలకు పైబడిన ఆయతులను, అనగా వాక్యాలను, అక్షరం తప్పకుండా హృదయస్థం చేసుకోవడం సామాన్యమైన విషయం కాదు. ఆ తరువాత అరబ్బీ వ్యాకరణం, తర్కం, ధర్మశాస్త్రం అభ్యసించవలసి ఉండగా ఆయన దృష్టి రాజధాని వైపు మళ్లింది.

ఒకే ఏట పుట్టిన గురుశిష్యులు

ఆ కాలాన హైదరాబాద్‌కు ఉత్తర భారతదేశం నుంచి పండితుల రాక అధికంగా ఉండేది. మొఘల్ పాలన అంతరించి, 1857 తిరుగుబాటు అనంతరం ఢిల్లీ, లక్నో నగరాల విద్యాకేంద్రాలు చితికిపోవడంతో పలువురు విద్వాంసులు నిజాం సంస్థానంలో ఆశ్రయం పొందారు. లక్నోలోని ఫరంగీ మహల్ కుటుంబానికి చెందిన మౌలానా అబ్దుల్ హలీం, ఆయన కుమారుడు మౌలానా అబ్దుల్ హయ్ కూడా హైదరాబాద్‌లో ఉండి విద్యాబోధన చేశారు. అన్వారుల్లా వీరిరువురి వద్దా శిష్యరికం చేశారు. ఇక్కడ ఒక విశేషమున్నది. గురువు అబ్దుల్ హయ్, శిష్యుడు అన్వారుల్లా ఇద్దరూ ఒకే హిజ్రీ సంవత్సరంలో జన్మించినవారు. తనతో సమవయస్కుని ఎదుట శిష్యునిగా కూర్చునేందుకు అన్వారుల్లా వెనుకాడలేదు.

ఫరంగీ మహల్ పేరు మదరసా విద్యా చరిత్రలో విశిష్టమైనది. 1748లో మరణించిన ముల్లా నిజాముద్దీన్ సిహాల్వీ అక్కడే ఒక పాఠ్య ప్రణాళిక రూపొందించారు. అదే దర్సె నిజామీగా ప్రసిద్ధి చెందింది. పదాల రూపసిద్ధి, వాక్య నిర్మాణం, తర్కం, తత్వం, ధర్మశాస్త్రమైన ఫిఖ్, ఖురాన్ వ్యాఖ్యానమైన తఫ్సీర్, ప్రవక్త ప్రవచనాలైన హదీసు అనే క్రమంలో నిర్ణీత గ్రంథాలను విద్యార్థి పూర్తి చేయాలి. విద్యార్థి మూలగ్రంథం చదువుతుండగా ఉపాధ్యాయుడు పంక్తి పంక్తికీ అర్థం విప్పి చెప్పడం ఈ బోధనలో ప్రధాన పద్ధతి. గ్రంథం ముగిసిన పిమ్మట దానిని ఇతరులకు బోధించే అధికారాన్ని గురువే శిష్యునికి ప్రసాదిస్తారు. భారత ఉపఖండంలోని మదరసాలలో అత్యధికం నేటికీ ఈ ప్రణాళికనే స్వల్ప మార్పులతో అనుసరిస్తున్నాయి. అన్వారుల్లా ఈ సంప్రదాయాన్ని దాని మూల వంశం నుంచే అందుకున్నారు.

వడ్డీ దస్త్రంతో ఉద్యోగానికి స్వస్తి

చదువు ముగిసిన తరువాత సంసార బాధ్యతల దృష్ట్యా ఆయన సంస్థాన రెవెన్యూ శాఖలో ఖులాసా నవీస్ ఉద్యోగంలో చేరారు. దస్త్రాలను చదివి వాటి సారాంశాన్ని పై అధికారులకు సంక్షిప్తంగా రాసి సమర్పించడం ఆ ఉద్యోగి విధి. జీతం స్థిరమైనది. సర్కారీ కొలువంటే గౌరవమూ ఉన్నది. అయితే ఒకనాడు వడ్డీ లావాదేవీకి సంబంధించిన దస్త్రం ఆయన ముందుకు వచ్చింది. వడ్డీ ఇచ్చుట, పుచ్చుకొనుటతో పాటు దానిని రాయడం కూడా ఇస్లాం ధర్మశాస్త్రం ప్రకారం నిషిద్ధం. ఆ సారాంశం రాయడానికి మనస్కరించక ఆయన ఉద్యోగానికే రాజీనామా సమర్పించారని జీవిత చరిత్రకారులు పేర్కొన్నారు.

ఆ దస్త్రాన్ని మరొకరికి అప్పగించి కొలువులో కొనసాగే అవకాశం లేకపోలేదు. కాని రేపు మరొక దస్త్రం రాకతప్పదు. నమ్మిన ధర్మానికీ చేసే వృత్తికీ మధ్య వైరుధ్యం ఏర్పడినప్పుడు ఏది విడనాడాలన్న ప్రశ్నకు ఆయన యవ్వనంలోనే సమాధానం చెప్పుకున్నారు. ఆపై విద్యాబోధననే జీవనమార్గంగా ఎంచుకున్నారు.

1876లో విద్యాలయ స్థాపన

పందొమ్మిదవ శతాబ్ది ఉత్తరార్ధం భారతీయ ముస్లింల విద్యారంగంలో కీలకమైన ఘట్టం. 1866లో దేవబంద్‌లో దారుల్ ఉలూమ్ ఆరంభమైంది. 1875లో అలీగఢ్‌లో సర్ సయ్యద్ అహ్మద్ ఖాన్ ఆధునిక విద్య కోసం పాఠశాల తెరిచారు. రాజ్యం చేజారిన తరువాత సమాజాన్ని నిలబెట్టేది విద్య మాత్రమేనన్న అభిప్రాయంలో ఇరుపక్షాలూ ఏకీభవించాయి. ఏ విద్య అన్న దగ్గరే దారులు వేరయ్యాయి.

హైదరాబాద్ పరిస్థితి కొంత భిన్నమైనది. ఇక్కడ పాలకుడు ముస్లిం. ప్రధాని మొదటి సాలార్ జంగ్ ఆంగ్లేయ పద్ధతిలో పాలనా సంస్కరణలు ప్రవేశపెట్టి, 1850 దశకంలోనే దారుల్ ఉలూమ్ పాఠశాలను నెలకొల్పారు. కార్యాలయాలకు అవసరమైన ఉద్యోగులు తయారవుతున్నారు. కాని ధర్మశాస్త్రాలను లోతుగా చదవదలచిన పేద విద్యార్థికి భోజనం పెట్టి, వసతి కల్పించి, ఆరంభం నుంచి చివరి గ్రంథం వరకు క్రమబద్ధంగా బోధించే సంస్థ కొరత ఉండేది. విద్వాంసులు తమ ఇళ్లలోనో, మసీదు అరుగులపైనో పాఠాలు చెప్పేవారు. ఆ పండితుడు మరణిస్తే ఆ పాఠశాలా ఆయనతోనే ముగిసేది.

ఈ లోటును పూడ్చే ఉద్దేశంతో అన్వారుల్లా సహచర పండితుల తోడ్పాటుతో హిజ్రీ 1292 జిల్‌హజ్ మాసం 19వ తేదీన, అనగా 1876 జనవరిలో జామియా నిజామియాకు శ్రీకారం చుట్టారు. అప్పటికి ఆయనకు ఇరవై ఏడేళ్లు. ఆస్తిపాస్తులు లేవు. రాజాస్థానంతో చెప్పుకోదగ్గ పరిచయమూ లేదు. వ్యక్తి పోయినా నిలిచే వ్యవస్థ కావాలన్న సంకల్పం ఒక్కటే పెట్టుబడి. నిజాం ప్రభుత్వ ఆర్థిక సహాయం తరువాతి కాలంలో లభించింది.

రాజగురువుగా నియామకం

విద్యాలయం ఆరంభమైన అనంతరం అన్వారుల్లా హజ్ యాత్రకు వెళ్లారు. మక్కాలో స్థిరపడిన ప్రఖ్యాత సూఫీ గురువు హాజీ ఇమ్దాదుల్లా ముహాజిర్ మక్కీ ఆయనకు ఆధ్యాత్మిక వారసత్వాన్ని ప్రసాదించారు. దేవబంద్ స్థాపకులకు కూడా ఇమ్దాదుల్లాయే ఆధ్యాత్మిక గురువు కావడం గమనార్హం. తరువాతి కాలంలో దేవబంద్ పండితులకూ దక్కన్ పండితులకూ కొన్ని ఆచారాల విషయంలో అభిప్రాయ భేదాలు పొడసూపినా, ఇద్దరి ఆధ్యాత్మిక మూలం ఒక్కచోటనే కలుస్తుంది.

హజ్ నుంచి తిరిగి వచ్చిన పిమ్మట హిజ్రీ 1295లో, అనగా 1878లో ఆరవ నిజాం మీర్ మహబూబ్ అలీ ఖాన్‌కు ధార్మిక విద్య బోధించే బాధ్యత ఆయనకు అప్పగించబడింది. 1869లో రెండున్నరేళ్ల ప్రాయంలో సింహాసనం అధిష్ఠించిన మహబూబ్ అలీ ఖాన్‌కు అప్పటికి పన్నెండేళ్ల లోపే. ఆంగ్ల విద్యకు ఆంగ్లేయ అధ్యాపకుడు ఉండగా, ధర్మవిద్యకు అన్వారుల్లా నియమితులయ్యారు. తరువాత ఏడవ నిజాం మీర్ ఉస్మాన్ అలీ ఖాన్‌కు సైతం ఆయనే గురువు. వడ్డీ సారాంశం రాయలేక చిన్న కొలువు వదులుకున్న గుమాస్తా పదేళ్లు తిరగకముందే రాజప్రాసాదంలో గురుపీఠం అధిరోహించడం విశేషం.

రాజాస్థానంలో అడుగుపెట్టినా ఆయన పాఠశాలను విడిచిపెట్టలేదు. సూఫీ తత్వవేత్త ఇబ్నె అరబీ రచించిన ఫుతూహాతె మక్కియా వంటి క్లిష్ట గ్రంథాన్ని రాత్రి నమాజు అనంతరం పొద్దుపోయేవరకు శిష్యులకు బోధించేవారని ప్రతీతి.

మదీనా నుంచి గ్రంథ సంపద

అన్వారుల్లా మొత్తం మూడు పర్యాయాలు పవిత్ర క్షేత్రాలకు వెళ్లారు. మూడవ పర్యాయం మదీనా నగరంలో సుమారు మూడేళ్లు నివసించారు. ప్రవక్త జీవిత మహిమను వర్ణించే అన్వారె అహ్మదీ గ్రంథరచన అక్కడే సాగింది. మదీనా గ్రంథాలయాల్లో అచ్చుకు నోచుకోని అరుదైన రాతప్రతులను గుర్తించి, సొంత ఖర్చుతో నకళ్లు రాయించి హైదరాబాద్‌కు తీసుకువచ్చారు. వాటిలో 16వ శతాబ్దికి చెందిన అలీ ముత్తఖీ కూర్చిన బృహత్ హదీసు సంకలనం కన్‌జుల్ ఉమ్మాల్ ముఖ్యమైనది.

1888లో హైదరాబాద్‌లో దాయిరతుల్ మఆరిఫ్ సంస్థ ఏర్పడింది. ఇమాదుల్ ముల్క్ సయ్యద్ హుస్సేన్ బిల్‌గ్రామీ, ముల్లా అబ్దుల్ ఖయ్యూంలతో పాటు అన్వారుల్లా దాని స్థాపకులలో ఒకరు. ప్రాచీన అరబ్బీ రాతప్రతులను పరిష్కరించి ముద్రించడం ఆ సంస్థ లక్ష్యం. కన్‌జుల్ ఉమ్మాల్ తొలినాళ్లలోనే అక్కడ అచ్చయింది. హదీసుతో పాటు ఖగోళం, వైద్యం, గణితం, చరిత్ర వంటి శాస్త్రాల అరబ్బీ గ్రంథాలెన్నో ఈ నగరం నుంచే ప్రపంచానికి చేరాయి. అరబ్ దేశాల పండితులు సైతం తమ పూర్వీకుల గ్రంథాల కోసం హైదరాబాద్ ముద్రణలపై ఆధారపడిన కాలమది. ఆ సంస్థ తదనంతరం ఉస్మానియా విశ్వవిద్యాలయ ప్రాంగణానికి చేరింది.

వంశానికి కాదు, విద్యకు అధికారం

ఆయన జీవితంలో సామాన్య గ్రామీణుని నేరుగా తాకిన ఘట్టం చివరి ఏడేళ్లలో చోటుచేసుకున్నది. 1911లో మహబూబ్ అలీ ఖాన్ మరణించగా ఉస్మాన్ అలీ ఖాన్ పాలకుడయ్యారు. కొత్త ప్రభువు తన గురువును 1912లో ధార్మిక వ్యవహారాల శాఖాధిపతిగా, సద్రుస్సుదూర్‌గా నియమించారు. పిమ్మట ఆ శాఖకు మంత్రిగా పదోన్నతి కల్పించి ఫజీలత్ జంగ్ బిరుదుతో సత్కరించారు.

ఆనాటి పల్లెల పరిస్థితిని ఇక్కడ గమనించవలసి ఉన్నది. నిఖా చదివించి నమోదు చేసే ఖాజీ, శుక్రవారం ప్రసంగించే ఖతీబ్, నమాజు నడిపే ఇమాం, అజాన్ పలికే మౌజన్, జంతువధ, ఫాతిహాల బాధ్యత చూసే ముల్లా, వీరంతా గ్రామ ధార్మిక సేవకులు. తెలంగాణ పల్లెల్లో హిందువుల ఇళ్లలో యాట కోయవలసి వచ్చినా ముల్లాసాబుకే కబురు వెళ్లేది. ఈ పదవులకు ఇనాం భూములు ఉండేవి. పదవి తండ్రి నుంచి కొడుక్కి సంక్రమించేది. భూమి సంక్రమించినంత సులువుగా చదువు సంక్రమించదు. ఫలితంగా కొన్ని తరాలు గడిచేసరికి ఖురాన్ సరిగా చదవలేని వారూ, వివాహ విడాకుల నిబంధనలు తెలియని వారూ ఆ స్థానాల్లో కూర్చున్న సందర్భాలు ఏర్పడ్డాయి. నిఖా నమోదులో పొరపాటు జరిగితే ఒక స్త్రీ మహర్ హక్కు, పిల్లల వారసత్వ హక్కు ప్రశ్నార్థకమవుతాయి. అందువల్ల ఖాజీ అజ్ఞానం వల్ల నష్టపోయేది సామాన్య కుటుంబమే.

స్వయంగా ఖాజీ కుటుంబంలో పుట్టిన అన్వారుల్లా ఈ లోపాన్ని ఎరిగినవారు. వారసులను ఒక్కసారిగా తొలగించడానికి బదులు వారికి చదువు తప్పనిసరి చేయడమే మార్గమని ఆయన భావించారు. ఖాజీ, ఇమాం, ఖతీబ్, మౌజన్, ముల్లా విధులకు వేర్వేరుగా పాఠ్యాంశాలు, పరీక్షలు, యోగ్యతా పత్రాల విధానం జామియా నిజామియాతో ముడిపడి రూపుదిద్దుకున్నది. మౌల్వీ, ఆలిం, ఫాజిల్, కామిల్ అనే ఉన్నత పట్టాలు చదవలేని గ్రామ సేవకునికి సైతం తన విధికి కావలసినంత విద్య అందించడం దీని ప్రత్యేకత. ధార్మిక సేవకుల పరీక్షలు ఆ విద్యాలయంలో తరువాతి తరాలకూ కొనసాగాయి.

ఇక చదువుకున్న ముఫ్తీ అందుబాటులో లేని గ్రామాల ప్రజలకు విద్యాలయంలోని ఫత్వా విభాగం ఆధారమైంది. వివాహం, విడాకులు, వారసత్వం, వక్ఫ్ ఆస్తుల వంటి విషయాలపై సందేహాలకు అక్కడి నుంచి లిఖితపూర్వక సమాధానాలు వెళ్లేవి. తొలి ముఫ్తీ ముహమ్మద్ రుక్నుద్దీన్ వెలువరించిన సమాధానాలు తదనంతరం ఫతావా నిజామియా పేరిట గ్రంథరూపం దాల్చాయి.

ఉర్దూలో విస్తృత రచనలు

పండితులకు అరబ్బీ, పాలకులకు పారసీ భాషగా చెల్లుబాటైన కాలంలో విద్యాభ్యాసం సాగించినప్పటికీ అన్వారుల్లా తన ప్రధాన రచనలను ఉర్దూలోనే చేశారు. పదకొండు భాగాల మఖాసిదుల్ ఇస్లాం, ధర్మశాస్త్ర స్వరూపాన్ని వివరించే హఖీఖతుల్ ఫిఖ్ ప్రసిద్ధమైనవి. బుద్ధికీ విశ్వాసానికీ గల సంబంధాన్ని చర్చిస్తూ కితాబుల్ అఖ్ల్ రచించారు. పాశ్చాత్య తత్వ భావాలు చదువుకున్న యువకులను ప్రభావితం చేస్తున్న ఆ రోజుల్లో హేతువును తిరస్కరించకుండా, దాని పరిధిని చర్చించేందుకు ఆయన పూనుకున్నారు. గ్రంథ ప్రచురణ కోసం 1912లో మజ్లిస్ ఇషాఅతుల్ ఉలూమ్ సంస్థను నెలకొల్పారు.

శిష్యపరంపర

హిజ్రీ 1336లో, అనగా 1918లో అన్వారుల్లా ఫారూఖీ తుదిశ్వాస విడిచారు. తాను స్థాపించిన విద్యాలయ ఆవరణలోనే ఆయన పార్థివదేహాన్ని ఖననం చేశారు. ఉర్దూ మాధ్యమంలో ఆధునిక శాస్త్రాల బోధనకు ఉద్దేశించిన ఉస్మానియా విశ్వవిద్యాలయం ఏర్పడినదీ అదే సంవత్సరం కావడం గమనించదగినది.

ఆయన నాటిన విత్తనం మాత్రం ఫలిస్తూనే వచ్చింది. దక్కన్ హదీసు పండితునిగా ఖ్యాతిగాంచి జుజాజతుల్ మసాబీహ్ సంకలనం రచించిన సయ్యద్ అబ్దుల్లా షా నఖ్ష్‌బందీ ఆయన శిష్యులే. హనఫీ ధర్మశాస్త్ర ప్రాచీన గ్రంథాలను పరిష్కరించి ప్రచురించిన అబుల్ వఫా అఫ్గానీ ఈ విద్యాలయం నుంచి వచ్చినవారే. 1908లో హైదరాబాద్‌లో జన్మించిన డాక్టర్ ముహమ్మద్ హమీదుల్లా ఇక్కడా, ఉస్మానియాలోనూ విద్యనభ్యసించి, పారిస్‌లో దశాబ్దాల పాటు పరిశోధన సాగించి, ఖురాన్‌ను ఫ్రెంచి భాషలోకి అనువదించారు. మదరసా చదువు, విశ్వవిద్యాలయ విద్య ఒకే వ్యక్తిలో ఇమడగలవనడానికి 2002లో కన్నుమూసిన ఆ పండితుని జీవితమే తార్కాణం.

సంస్థానం పోయినా చెక్కుచెదరని విద్యాలయం

1948 సెప్టెంబర్‌లో హైదరాబాద్ సంస్థానం భారత యూనియన్‌లో విలీనమైంది. మరుసటి ఏడాది జాగీర్లు రద్దయ్యాయి. ఉస్మానియాలో ఉర్దూ మాధ్యమం స్థానాన్ని ఆంగ్లం ఆక్రమించింది. ప్రభువుల అండతో నడిచిన ఎన్నో వ్యవస్థలు కనుమరుగయ్యాయి. జామియా నిజామియా మాత్రం జకాత్, విరాళాలు వంటి ప్రజల తోడ్పాటుతో నిలదొక్కుకున్నది. తరువాతి కాలంలో బాలికలకు ప్రత్యేక విభాగమూ ఏర్పడింది. పండితుడు పోయినా పాఠశాల నిలవాలన్న స్థాపకుని ఆశయానికి ఇంతకు మించిన పరీక్ష మరొకటి లేదు.

మదరసా విద్యపై భిన్నాభిప్రాయాలు లేకపోలేదు. గణితం, విజ్ఞానశాస్త్రం, ఆంగ్లం లేని చదువుతో జీవనోపాధి ఎట్లా అని ముస్లిం సమాజంలోని వారే ప్రశ్నిస్తున్నారు. ధర్మపండితులను తయారుచేసే చోట ఇంజనీర్లను ఆశించడం సరికాదని మరికొందరి వాదన. అయితే బడి ఈడు ముస్లిం పిల్లల్లో మదరసాలకు వెళ్లేవారు కేవలం 3 శాతం వరకేనని 2006 నాటి సచార్ కమిటీ నివేదిక తేల్చింది. ఇరుగుపొరుగు పిల్లలు సాయంత్రం వేళ ఖురాన్ నేర్చుకునే మక్తబ్ వేరు, పూర్తికాల మదరసా వేరని కూడా ఆ నివేదిక స్పష్టం చేసింది. మిగిలిన 97 శాతం పిల్లల చదువు సాధారణ బడుల బాగోగులపైనే ఆధారపడి ఉన్నదని దీని అర్థం.

ఈ చర్చ ఎట్లా సాగినా, వివాహం నమోదు చేయించుకునే ప్రతి కుటుంబానికీ నియమం తెలిసిన ఖాజీ కావాలి. నమాజుకు నిలబడే ప్రతి వరుసకూ ఖురాన్ తెలిసిన ఇమాం కావాలి. ఆ స్థానం పుట్టుకతో గాక పరీక్షలో నెగ్గి సంపాదించుకోవాలన్న నియమానికి బాటలు వేసిన ఘనత ఖాజీ కుమారుడైన అన్వారుల్లాకే దక్కుతుంది. ఏటా ఆయన వర్ధంతి సందర్భంగా విద్యాలయంలో పట్టాల ప్రదానోత్సవం జరుగుతుంది. చదువు ముగించిన యువకులు పట్టా అందుకుని, ఆవరణలోని ఆయన సమాధి వద్ద ప్రార్థన చేసి తమ ఊళ్లకు బయలుదేరుతారు.